చిన్నోడు పెద్దయ్యేదాకా ఆగొద్దు

ఉద్యోగంలో ఉండగానే ఇంటి పెద్ద కన్నుమూసిన ఇంట్లో, దినాలు ముగిసేలోపే ఒక సలహా బయల్దేరుతుంది. మామూలుగా మేనమామో పెదనాయనో ఇస్తాడు. "ఏంటికమ్మా నీకీ తిప్పలు? నీ పదో తరగతి సదువుకు అటెండరు పనే ఇస్తారు. పిల్లోడు సదువుతుండాడు గదా. వాని డిగ్రీ కానీ, నాయన ఉద్యోగం వానికే వస్తాది. కుర్చీలో కూచుంటాడు." చెప్పినాయన మనసు మంచిదే. చెల్లెలు ఆఫీసులో టీ గ్లాసులు అందించడం ఆయనకు ఇష్టం లేదు. కానీ కర్నూలు, కడప జిల్లాల ఆఫీసుల్లో ఎస్టాబ్లిష్‌మెంట్ సీటు చూసిన పాత ఉద్యోగుల్ని కదిపి చూడండి. చేతికందిన ఉద్యోగం జారిపోయిన ఇళ్ల కథలు చెబుతారు. వాటిలో ఎన్నో ఈ సలహా దగ్గరే మొదలవుతాయి.

ఎందుకంటే చనిపోయిన ఉద్యోగి ఇంట్లో ఒకరికి ఇచ్చే ఈ కారుణ్య నియామకానికి గడువు ఉంది. ఉద్యోగి చనిపోయిన తేదీ నుంచి ఏడాదిలోపు దరఖాస్తు అందాలి. పిల్లలు మైనర్లయితే, చనిపోయిన తేదీ నుంచి రెండేళ్లలోపు వాళ్లకు పద్దెనిమిదేళ్లు నిండాలి. లెక్క వేసి చూద్దాం. తండ్రి 2025 మార్చి 10న పోయాడనుకుంటే, 2027 మార్చి 10 నాటికి పిల్లాడు మేజరు కావాలి. అంటే తండ్రి పోయేనాటికే వాడికి పదహారు నిండి ఉండాలి. పదిహేనేళ్లవాడైతే ఈ దారి వాడికి లేనట్టే. వాడు డిగ్రీ పట్టా పట్టుకుని వచ్చేసరికి ఫైలు మూతపడి ఏళ్లయి ఉంటుంది. ఇక్కడ లెక్కలోకి వచ్చేది పదో తరగతి సర్టిఫికెట్‌లో ఉన్న పుట్టిన తేదీ. మన పల్లెల్లో బడిలో వేసేటప్పుడు అయ్యవారు తోచిన తేదీ, సాధారణంగా జూన్ ఒకటి, రాసేయడం మామూలు. అసలు పుట్టింది ఉగాదికైనా దీపావళికైనా ఆఫీసు నమ్మేది ఆ జూన్ ఒకటినే. కాబట్టి అమ్మ చెప్పే వయసుతో కాకుండా సర్టిఫికెట్ ముందు పెట్టుకుని లెక్క చూసుకోండి.

ఈ పథకం మూలం 1977 అక్టోబరు 3న సాధారణ పరిపాలన శాఖ ఇచ్చిన జీవో 687. ఆ తర్వాత సవరణ మీద సవరణ వచ్చింది. వాటన్నిటినీ ఒకచోటికి తెచ్చి 2003 ఆగస్టు 12న ఒక సర్క్యులర్ మెమో ఇచ్చారు. దాని నంబరు 60681/సర్వీసెస్-ఎ/2003-1. ఆఫీసులో ఎవరైనా "రూల్ ఒప్పుకోదు" అంటే, ఏ రూలో ఈ మెమోలో చూపించమని మర్యాదగా అడగండి. దాని నకలు ఒకటి సంచిలో పెట్టుకుని వెళ్లేవాళ్లకూ, ఉత్త చేతులతో వెళ్లేవాళ్లకూ జవాబులో తేడా ఉంటుంది.

ఇక్కడ ఒక సంగతి మనసుకు పట్టించుకోవాలి. "నాయన ఉద్యోగం" అని మనం అలవాటుగా అంటాం. చట్టం దృష్టిలో అది నాయనది కాదు, పిల్లలకు సంక్రమించే ఆస్తీ కాదు. ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన ఆడిటర్ జనరల్ కేసులో సుప్రీంకోర్టు 1993లో ఈ మాట తేల్చింది. పుట్టుకను బట్టి ప్రభుత్వ ఉద్యోగం ఇవ్వడం రాజ్యాంగంలోని 16(2) అధికరణానికి విరుద్ధం. ఉద్యోగంలో ఉండగా చనిపోయినవారి కుటుంబం వీధిన పడకుండా ఆదుకోవడానికి ఇస్తే మాత్రం చెల్లుతుంది. మరుసటి ఏడాది ఉమేష్ కుమార్ నాగ్‌పాల్ కేసులో ఇంకా స్పష్టంగా చెప్పింది. ఉన్నట్టుండి వచ్చిపడ్డ కష్టాన్ని దాటించడమే దీని ఉద్దేశం, ఇది హక్కు కాదు, ఏళ్లు గడిచాక అడగడానికి లేదు. 2024 నవంబరులో హర్యానా కేసులోనూ అదే తీర్పు వచ్చింది. డ్యూటీలో చనిపోయిన కానిస్టేబుల్ కొడుక్కి అప్పటికి ఏడేళ్లు. మేజరయ్యాక ఉద్యోగం అడిగాడు. పదకొండేళ్లు గడిచిపోయాయి కాబట్టి కుదరదంది కోర్టు.

కఠినంగానే అనిపిస్తుంది. అవతలి పక్క కూడా చూడాలి. నంద్యాల కోచింగ్ సెంటర్లలో ఏళ్ల తరబడి కూర్చుని, ఒక్క మార్కుతో పోస్టు పోగొట్టుకుని, కోసిగి, కౌతాళం వైపు ఇళ్లకు తిరిగొచ్చే పిల్లలున్నారు. వాళ్ల అమ్మానాన్నలు సుగ్గి పనులకని గుంటూరు మిరప చేలకు వలస పోతారు. పరీక్ష లేకుండా ఇచ్చే ప్రతి పోస్టూ వాళ్లు రాయాల్సిన పరీక్షలోంచి తగ్గేదే. ఆ మినహాయింపును ప్రభుత్వం ఇస్తోంది ఒక్క కారణంతో: ఈ ఇంట్లో రేపు పొయ్యి వెలిగేది ఎట్లా అని. ఆరేళ్లు ఆగి అడిగితే, ఆరేళ్లూ పొయ్యి వెలిగింది కదా అని అధికారి అంటాడు. జడ్జిగారూ అదే అంటారు.

అందుకని ముందుగా తల్లి గురించే ఆలోచించండి. పిల్లలు చిన్నవాళ్లయితే ఆమే దరఖాస్తు చేయాలి. ఈ మాట చెబితే చాలా ఇళ్లలో మౌనం వస్తుంది. ఆమె ఎన్నడూ గడప దాటలేదంటారు, వయసైపోయిందంటారు, అటెండరు పనంటే పరువు తక్కువంటారు. ఒక్కొక్కటి చూద్దాం. భార్యకు గానీ భర్తకు గానీ వయోపరిమితిలో సడలింపు ఉంది. చదువు పూర్తిగా లేకపోయినా ఆఫీస్ సబార్డినేట్ పోస్టుకు దారి ఉంది. పదో తరగతి దాటినవాళ్లను, మిగతా అర్హత ఫలానా గడువులోపు సంపాదించుకోవాలన్న షరతుతో పై పోస్టుకు తీసుకునే వెసులుబాటూ ఈ పథకంలో వచ్చింది. ఆ గడువు నియామక ఉత్తర్వులోనే రాసి ఉంటుంది. ఏపీ ఓపెన్ స్కూల్లో ఇంటర్ కట్టి, పిల్లలతోపాటు తనూ పుస్తకం పట్టిన తల్లులున్నారు. ఇక పరువు మాటకొస్తే, ఈ రాష్ట్రంలో పదవీ విరమణ వయసు 2022 నుంచి 62 ఏళ్లు. నలభై ఏళ్లకు చేరిన ఆడమనిషికి ఇరవై రెండేళ్ల జీతం, మధ్యలో ప్రమోషన్, వైద్యానికి హెల్త్ కార్డు. వేరుశనగ పండితే పండినట్టు, లేకుంటే లేనట్టు ఉండే మన సీమలో, ఒకటో తారీఖున పడే జీతం విలువ ఇంకొకరు చెప్పాల్సిన పనిలేదు. అటెండరుగా చేరి, అర్హత పెంచుకుని, రికార్డ్ అసిస్టెంటై, జూనియర్ అసిస్టెంటయ్యే దారి ఆఫీసుల్లో ఉన్నదే.

అయితే ఒక మెలిక ఉంది. ఒకసారి ఈ కోటాలో ఒక పోస్టు తీసుకుని చేరిపోయాక, "నాకు అర్హత ఉండింది, పై పోస్టు ఇవ్వండి" అని మళ్లీ ఇదే దారిలో అడగడానికి లేదు. పని అక్కడితో తీరిపోయినట్టే అని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. ఈ పథకంలో ఇచ్చే పోస్టు జూనియర్ అసిస్టెంట్ స్థాయికి మించదు. తహసీల్దారు కొడుకైనా, నైట్ వాచ్‌మన్ కూతురైనా అంతే. డిగ్రీ ఉన్న కూతురికి అటెండరు పోస్టు ఇస్తామంటే, దరఖాస్తులోనే "నా అర్హతకు తగిన జూనియర్ అసిస్టెంట్ పోస్టు" అని రాసి ఉంటే అడగడానికి మాట ఉంటుంది. ఏమీ రాయకుండా ఇచ్చింది తీసుకుంటే ఉండదు.

ఎవరెవరికి ఇస్తారు? భార్య లేదా భర్త, కొడుకు, కూతురు. చట్టబద్ధంగా దత్తత తీసుకున్న బిడ్డకు కూడా దారి ఉంది. కానీ ఉద్యోగి పోయాక పుట్టుకొచ్చిన దత్తత కాగితాలను ఎవరూ నమ్మరు. పెళ్లి కాకుండా చనిపోయిన ఉద్యోగి విషయంలో తమ్ముడికో చెల్లెలికో అవకాశం ఉంటుంది. పెళ్లయిన కూతురి సంగతి కొంచెం చిక్కు. 1999 జూలై 30 నాటి జీవో 350 ప్రకారం ఆమె ఒక్కతే సంతానమై, తల్లి ఉద్యోగం వద్దని, ఈమె తండ్రి మీదే ఆధారపడి ఉంటే పరిగణిస్తారు. పెళ్లయిన కొడుక్కి లేని అడ్డు కూతురికెందుకని కోర్టులు ప్రశ్నిస్తూ వస్తున్నాయి. పక్కనే ఉన్న కర్ణాటకలో, పెళ్లయిన కూతురిని పక్కన పెట్టే నిబంధనను హైకోర్టు 2020లో కొట్టేసింది. కాబట్టి "పెళ్లయిపోయింది కదమ్మా" అని కౌంటరు దగ్గర నోటిమాటతో పంపించేస్తే వెనక్కి రావద్దు. దరఖాస్తు ఇవ్వండి, కాదంటే కారణం రాసి ఇవ్వమనండి. కాగితం మీద కారణం ఉంటేనే తర్వాత పోరాడటానికి వీలుంటుంది.

రెండిళ్ల వ్యవహారం ఉన్న కుటుంబాలూ ఉంటాయి, దాచిపెట్టి లాభం లేదు. రెండో భార్య పిల్లలన్న ఒక్క కారణంతో కారుణ్య నియామకం నిరాకరించకూడదని సుప్రీంకోర్టు 2018లోనూ, 2022లోనూ రైల్వే కేసుల్లో చెప్పింది. అట్లని రెండు ఇళ్లకూ రెండు ఉద్యోగాలు రావు. ఉద్యోగం ఒక్కటే. పెద్దమనుషుల్ని కూర్చోబెట్టి, పెన్షన్, ఇన్సూరెన్స్ డబ్బులు ఒకరికి, ఉద్యోగం ఇంకొకరికి అన్నట్టు ఒక మాటకు వచ్చి సంతకాలు చేసుకున్న ఇళ్లు గట్టెక్కాయి. ఒకరి మీద ఒకరు అర్జీలు పెట్టుకున్న ఇళ్లలో ఏడాది గడువు కాస్తా చేతిలోంచి జారిపోయింది.

ఇంట్లో ఇంకొకరు సంపాదిస్తుంటే ఈ పథకం వర్తించదు. ఇది గట్టి నిబంధన. భార్య కూడా టీచరైతే, భర్త పోయాక పిల్లలకు ఈ ఉద్యోగం అడగడం కష్టం. పెద్దకొడుకు బెంగళూరులో ఉద్యోగం చేస్తూ, విడిగా కాపురం ఉంటూ, ఇంటికి పైసా పంపనివాడైతే ఆ సంగతిని దాచకుండా రాయాలి. విచారణలో తేల్చుకుని అధికారి నిర్ణయం తీసుకుంటారు. దాచితే ఏమవుతుందంటే, ఊళ్లో గిట్టనివాడొకడు ఆకాశరామన్న ఉత్తరం రాస్తాడు. ఉద్యోగంలో చేరిన తర్వాత బయటపడితే ఉద్యోగం పోతుంది, కేసు మిగులుతుంది. ఫ్యామిలీ పెన్షన్ రావడం మాత్రం సంపాదన కింద అడ్డు రాకూడదు. రిటైర్మెంటు ప్రయోజనాలు వచ్చాయన్న కారణంతో కారుణ్య నియామకం కాదనకూడదని కెనరా బ్యాంకు కేసులో 2015లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు బ్యాంకు పథకం మీద వచ్చినదే అయినా, ఎవరైనా ఆ మాటెత్తితే గుర్తు చేయడానికి పనికొస్తుంది.

ఇక కాగితాలు. అసలు కాలం తినేది ఇక్కడే.

మరణ ధ్రువీకరణ పత్రం ఇచ్చేది మనిషి ఉండే ఊరు కాదు, చనిపోయిన ఊరు. పత్తికొండలో పనిచేసే వీఆర్వో కర్నూలు పెద్దాసుపత్రిలో పోతే సర్టిఫికెట్ కర్నూలు నగరపాలక సంస్థది. మన వైపు జబ్బు ముదిరితే కర్నూలువాళ్లు హైదరాబాదుకు, కడపవాళ్లు తిరుపతికో వేలూరుకో పరుగెత్తుతారు. వేలూరులో ప్రాణం పోతే కాగితం తమిళనాడుది. శవాన్ని తెచ్చుకునే ఆత్రంలో ఆసుపత్రి ఫారంలో పేరు ఎట్లా రాశారో ఎవరూ చూడరు. సర్వీస్ రిజిస్టర్‌లో "ఎస్. వెంకటరాముడు" అని ఉంటుంది, ఆసుపత్రివాళ్లు "వెంకట్రాముడు సుంకర" అని రాస్తారు, ఆధార్‌లో ఇంకొకటి. ఈ మూడూ ఒక్క మనిషివేనని రుజువు చేయడానికి నెలలు పడుతుంది. ఎంత దుఃఖంలో ఉన్నా, బంధువుల్లో చదువుకున్న ఒకరిని ఈ పనికే పెట్టండి: ఆసుపత్రి విడిచి రాకముందే పేరు, తండ్రి పేరు, వయసు ఎట్లా నమోదయ్యాయో చూసుకోవాలి. మరణాన్ని 21 రోజుల్లోపు నమోదు చేయించాలి. నెల దాటితే అనుమతులు, ఏడాది దాటితే మేజిస్ట్రేట్ ఉత్తర్వు.

తర్వాతిది ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్. సచివాలయంలోనో మీసేవలోనో దరఖాస్తు పెడితే, వీఆర్వో, ఆర్‌ఐ విచారించి తహసీల్దారు ఇస్తారు. ఇందులో కుటుంబ సభ్యులందరి పేర్లూ ఉండాలి. పెళ్లయి వెళ్లిన కూతురి పేరు వదిలేస్తే తర్వాత ఆమె అభ్యంతరం పెట్టినప్పుడు మొత్తం మళ్లీ మొదటికొస్తుంది. దీనితోపాటే ఇంట్లో సంపాదించేవాళ్లు ఎవరూ లేరన్న ధ్రువీకరణ కూడా తహసీల్దారు దగ్గరే అడగండి. ఒకే విచారణలో రెండూ అయిపోతాయి, వీఆర్వోను రెండుసార్లు ఇంటికి పిలిపించే పనిలేదు. మిగతా కుటుంబ సభ్యులు, మేజర్లంతా, ఫలానావారికి ఉద్యోగం ఇవ్వడానికి మాకు అభ్యంతరం లేదని సంతకాలు చేసిన కాగితం కావాలి. ఈ సంతకాలు దినాల సమయంలోనే, అందరూ ఇంట్లో ఉన్నప్పుడే మాట్లాడుకోవడం మంచిది. వినడానికి బాగుండదు, నిజమే. కానీ ఆరు నెలల తర్వాత అల్లుళ్లు మాట్లాడటం మొదలుపెడతారు, అప్పుడు అంతకంటే బాగుండదు.

కుల ధ్రువీకరణ, చదువు సర్టిఫికెట్లు, స్టడీ సర్టిఫికెట్లు మామూలే. స్థానికత విషయంలో మాత్రం జాగ్రత్త. మనది జోన్-4. 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం కర్నూలు, కడప, అనంతపురం, చిత్తూరు ఉమ్మడి జిల్లాలు ఈ జోన్‌లోవి. హైదరాబాదులో హాస్టల్లో ఉండి చదివిన పిల్లలు స్థానికతకు రుజువు ముందే సిద్ధం చేసుకోవాలి.

దరఖాస్తు ఎవరికివ్వాలి? చనిపోయిన ఉద్యోగి పనిచేసిన ఆఫీసు అధిపతికి. అక్కడి నుంచి నియామకాధికారికి వెళుతుంది. ఆ శాఖలో ఖాళీ లేకపోతే జిల్లా కలెక్టర్‌కు పంపాలి. ఆయన జిల్లాలోని వేరే శాఖలో ఖాళీ చూసి కేటాయిస్తారు. కాబట్టి "మా శాఖలో ఖాళీ లేదమ్మా" అన్నది ఆఖరి జవాబు కాదు. "అయితే కలెక్టర్‌గారికి రాయండి సార్, రాసిన కాగితం నకలివ్వండి" అనడం మీ వంతు. కొవిడ్‌లో పోయిన ఉద్యోగుల కుటుంబాలకు గ్రామ, వార్డు సచివాలయాల్లోని ఖాళీల్లో నియామకాలు ఇచ్చిన సంగతి చాలామందికి గుర్తుండే ఉంటుంది. 2022 ఏప్రిల్ 4న కర్నూలు నుంచి నంద్యాల విడిపోయాక ఇంకో తికమక వచ్చింది. ఆళ్లగడ్డలో పనిచేస్తూ పోయిన ఉద్యోగి కుటుంబం కర్నూలులో ఇల్లు కట్టుకుని ఉంటుంది, కర్నూలు కలెక్టరేట్ చుట్టూ తిరుగుతుంది. ఫైలు కదలాల్సింది ఉద్యోగి చివరిగా పనిచేసిన యూనిట్ నుంచి. మీ ఇల్లు కర్నూలు సీ క్యాంపులో ఉందా నంద్యాలలో ఉందా అన్నది ఎవరూ అడగరు.

ఆర్టీసీలో దీన్నే బ్రెడ్ విన్నర్ స్కీం అంటారు. 2020 జనవరి 1 నుంచి ఆర్టీసీ ఉద్యోగులు ప్రభుత్వ ప్రజా రవాణా శాఖ ఉద్యోగులయ్యారు. డిపో మేనేజర్ దగ్గర మొదలయ్యే ఆ ఫైళ్లకు కండక్టరు, శ్రామిక్ వంటి పోస్టులకు తగిన శారీరక అర్హతలు కూడా చూస్తారు. రైల్వే వేరే లోకం. ఆదోని, కడప వైపు రైల్వే కుటుంబాలకు గుంతకల్లు డివిజన్ ఆఫీసు. అక్కడ వెల్ఫేర్ ఇన్‌స్పెక్టరు స్వయంగా ఇంటికొచ్చి విచారిస్తాడు. మైనరు పిల్లల విషయంలో రైల్వే గడువులు రాష్ట్ర ప్రభుత్వం కంటే ఉదారంగా ఉంటాయి. పక్కింటి రైల్వే కుటుంబానికి పదేళ్లకు ఉద్యోగం వచ్చిందని విని మనకూ వస్తుందనుకోవడం చాలా ఇళ్లలో జరిగే పొరపాటు. మిగతా కేంద్ర ప్రభుత్వ శాఖల్లో నేరుగా నింపే గ్రూప్-సి పోస్టుల్లో ఐదు శాతమే ఈ కోటా. అక్కడ ఇంటి ఆర్థిక పరిస్థితిని ఇంకొకరి పరిస్థితితో పోల్చి చూస్తారు.

ఎవరికి వర్తించదో కూడా చెప్పేస్తాను. రిటైరయ్యాక పోయినవాళ్ల కుటుంబాలకు లేదు. ఔట్‌సోర్సింగ్, కాంట్రాక్టు ఉద్యోగుల కుటుంబాలకు ఈ పథకం లేదు. పనిలో సాటివాళ్లే అయినా చావులో తేడా చూపడం న్యాయమా అంటే నా దగ్గర జవాబు లేదు. అయితే, కనిపించకుండా పోయిన ఉద్యోగి విషయంలో ఏడేళ్లు దాటాక, పోలీసు ఎఫ్‌ఐఆర్, ఆచూకీ దొరకలేదన్న నివేదికతో దరఖాస్తు చేయొచ్చు. అందుకే మనిషి కనబడకపోతే "వస్తాడులే" అని ఊరుకోకుండా వెంటనే స్టేషన్‌లో ఫిర్యాదు రాయించాలి. ఏడేళ్ల లెక్కకు ఆ కాగితమే ఆధారం. పక్షవాతమో కేన్సరో వచ్చి పనిచేయలేని స్థితిలో ఉన్నవాళ్లకు, రిటైర్మెంటుకు ఇంకా ఐదేళ్లు మిగిలి ఉండగా వైద్య కారణాలపై తప్పుకుంటే పిల్లలకు ఉద్యోగం ఇచ్చే అవకాశాన్ని 2008 అక్టోబరు నాటి జీవో 661తో మళ్లీ తెచ్చారు. కమిటీ పరిశీలన తప్పదు, మెడికల్ బోర్డు ముందుకు వెళ్లక తప్పదు.

ఇప్పుడు కౌంటరు దగ్గర జరిగేది చూడండి. ఏ ఆఫీసైనా ఇదే మాట.

"సార్, కాగితమిచ్చి రెండు నెల్లాయ."

"ఎవరికిచ్చినావమ్మా?"

"ఆ కిటికీకాడ బల్ల మీద కూచుండే సారుకు."

"ఆయన డోన్‌కు ట్రాన్స్‌ఫరయ్యె. ఇన్‌వార్డ్ నంబరుందా?"

ఉండదు. ఆమె కాగితాన్ని చేతికిచ్చి, దండం పెట్టి వచ్చేసింది. ఏ సొరుగులో ఉందో, అసలుందో లేదో. రెండు నెలలు గాలికి పోయాయి. దరఖాస్తును రెండు ప్రతులు తీసుకెళ్లండి. ఒకటి ఇన్‌వార్డ్ సీట్లో ఇచ్చి, రెండోదాని మీద నంబరు, తేదీ, ఆఫీసు ముద్ర వేయించుకోండి. వేయనంటే, అక్కడే బయటికొచ్చి పోస్టాఫీసులో స్పీడ్ పోస్టులో, రసీదుతో పంపండి. ఏడాదిలోపు అడిగామని రుజువు చేసేది ఆ ముద్రో ఆ రసీదో మాత్రమే. దాన్ని ఇంటి దస్తావేజులతోపాటు దాచండి.

రెండు మూడు నెలలైనా ఉలుకూ పలుకూ లేకపోతే సమాచార హక్కు చట్టం కింద అడగండి: ఫలానా నంబరు దరఖాస్తు ఏ సీట్లో ఉంది, ఏ తేదీన ఎవరేం రాశారు, ఈ క్యాడర్‌లో ఖాళీలెన్ని. జిల్లా స్థాయి ఆఫీసుకు ఫీజు పది రూపాయలు, మండల స్థాయిలో ఐదు. తెల్లరేషన్ కార్డుంటే అదీ లేదు. ముప్పై రోజుల్లో జవాబివ్వాలి. సోమవారం కర్నూలు కలెక్టరేట్‌లో సునయన ఆడిటోరియంలో జరిగే ప్రజా సమస్యల పరిష్కార వేదికలో అర్జీ ఇవ్వొచ్చు. అక్కడా ఒక నంబరిస్తారు. దాన్నీ దాచండి. అర్జీలో ఇంటి కష్టమంతా మూడు పేజీలు రాయొద్దు. పేరు, హోదా, చనిపోయిన తేదీ, దరఖాస్తు తేదీ, ఇన్‌వార్డ్ నంబరు, ఏం కావాలో ఒక వాక్యం. అధికారి ఒక కాగితం మీద పెట్టే సమయం నిమిషం, ఆ నిమిషంలో ఆయనకు నంబరు కనబడాలి.

ఇవేవీ పని చేయకపోతే హైకోర్టు. రాష్ట్రంలో పరిపాలనా ట్రిబ్యునల్ లేదు కాబట్టి నేరుగా రిట్ వేయాల్సిందే. కర్నూలులో బెంచి పెడతారన్న మాట వింటూనే ఉన్నాం. ప్రస్తుతానికి అమరావతి పోవాలి. లాయరు ఫీజుకు భయపడి ఆగిపోయే ఆడవాళ్లకు ఒక మాట: 1987 నాటి న్యాయ సేవల చట్టంలోని 12వ సెక్షన్ ప్రకారం ఆదాయంతో నిమిత్తం లేకుండా స్త్రీలందరికీ ఉచిత న్యాయ సహాయం అందుతుంది. కర్నూలులోనైనా కడపలోనైనా జిల్లా కోర్టు ఆవరణలో ఉన్న న్యాయ సేవాధికార సంస్థలో అడగండి. కోర్టు చాలాసార్లు ఉద్యోగం ఇమ్మని నేరుగా చెప్పదు. ఇన్ని వారాల్లో దరఖాస్తుపై నిర్ణయం తీసుకోండి అంటుంది. కదలని ఫైలుకు అదే పెద్ద బలం.

దళారుల సంగతి. ఇల్లు దుఃఖంలో ఉన్నప్పుడే వస్తారు. "కలెక్టరేట్‌లో మనవాళ్లున్నారు, జూనియర్ అసిస్టెంటే ఇప్పిస్తా, మూడు లక్షలు" అంటారు. అప్పుడే జీపీఎఫ్, గ్రాట్యుటీ, గ్రూప్ ఇన్సూరెన్స్ డబ్బులు ఇంటికొచ్చి ఉంటాయని వాళ్లకు తెలుసు. అర్హత ఉన్నవాళ్లకు రావాల్సిన పోస్టును అమ్మడానికి వాళ్లెవరు? అర్హత లేకపోతే మూడు లక్షలిచ్చినా రాదు. ఆఫీసులోవాళ్లే అడిగితే ఏసీబీకి చెప్పండి. ఎమ్మెల్యే సిఫారసు ఉత్తరం పెట్టించుకోవడంలో తప్పు లేదు. కానీ ఆ ఉత్తరం కోసం నెల రోజులు తిరిగి, ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌ను పక్కన పెట్టినవాళ్లున్నారు.

ఉద్యోగం వచ్చేలోపు ఇల్లు గడవాలి. మట్టి ఖర్చులు, ఫ్యామిలీ పెన్షన్, ఏపీజీఎల్‌ఐ, గ్రూప్ ఇన్సూరెన్స్, మిగిలిన సంపాదిత సెలవుల డబ్బు, జీపీఎఫ్ ఉన్నవాళ్లకు జీపీఎఫ్. వీటికి విడివిడిగా దరఖాస్తులుంటాయి. 2004 సెప్టెంబరు 1 తర్వాత చేరిన సీపీఎస్ ఉద్యోగి కుటుంబానికి ఖాతాలో ఉన్న మొత్తం, ఫ్యామిలీ పెన్షన్ రెండింటిలో ఏది ఎంచుకోవాలన్న ప్రశ్న వస్తుంది. ఎంపిక చేసి సంతకం పెట్టేముందు ట్రెజరీలో కూర్చుని అంకెలు వేయించుకోండి. చిన్న వయసులో భర్త పోయిన ఆడమనిషికి నెలనెలా వచ్చే పెన్షనే మేలని నా అభిప్రాయం. ఒక్కసారి చేతికొచ్చిన డబ్బు చుట్టాల అప్పులకూ ఇంటి స్లాబుకూ కరిగిపోతుంది. ఇంకొకటి, ఫ్యామిలీ పెన్షన్ తీసుకుంటున్న భార్యే కారుణ్య నియామకంలో చేరితే, ఆ పెన్షన్ మీద వచ్చే కరువు భృతి ఆగే నిబంధన ఉంది. చేరిన సంగతి ట్రెజరీకి రాతపూర్వకంగా తెలియజేయకపోతే, ఏళ్ల తర్వాత ఆడిట్‌లో బయటపడి వేలు కాదు, లక్షలు రికవరీ పెడతారు.

చేరాక కంప్యూటర్ పరీక్ష, శాఖాపర పరీక్షలు గడువులోపు పాసవ్వాలి. ఏపీపీఎస్సీ వాటిని ఏడాదికి రెండు విడతలు పెడుతుంది. "కంపాషనేట్ మీద వచ్చినోళ్లు" అని సెక్షన్‌లో చిన్నచూపు చూసేవాళ్లు ఉంటారు. మొదటి ప్రయత్నంలో అకౌంట్ టెస్ట్ పాసైన రోజు ఆ మాట ఆగిపోతుంది. కొడుకు ఉద్యోగంలో చేరి, పెళ్లయ్యాక తల్లిని పట్టించుకోకపోవడం కూడా జరిగేదే. సమ్మతి పత్రం రాసుకున్నప్పుడే, చేరినవాడు తల్లినీ చెల్లెళ్లనూ చూసుకోవాలన్న హామీ రాతపూర్వకంగా ఆఫీసుకు ఇప్పించండి.

ఇదంతా మిగిలినవాళ్ల కోసం. ఇంకా ఉద్యోగంలో ఉండి ఇది చదువుతున్నవాళ్లకు ఒక విన్నపం. ఈ వారం మీ ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌కు వెళ్లి మీ సర్వీస్ రిజిస్టర్ ఒకసారి తెరిపించి చూడండి. కుటుంబ సభ్యుల వివరాల్లో పిల్లలందరి పేర్లూ ఉన్నాయా, భార్య పేరు ఆధార్‌లో ఉన్నట్టే ఉందా, గ్రూప్ ఇన్సూరెన్స్‌లో నామినీగా ఇంకా పెళ్లికి ముందు రాసిన తమ్ముడి పేరే ఉందా చూడండి. తప్పుంటే మీరు బతికుండగా ఒక్క దరఖాస్తుతో సరిదిద్దుకోవచ్చు. మీరు పోయాక దాన్ని దిద్దించడం మీ ఇంట్లోవాళ్ల వల్ల కాదు.